పడమటి గోడ మీద తడిమతం

నా చిన్నప్పుడు భిలాయిలో ఒక మహత్తరమైన తిరుగుబాటు జరిగింది. అందులో రాజు ఉన్నాడు, సైన్యం ఉంది, ఆకాశంలో ఇద్దరు సూర్యులున్నారు, రెక్కల ఏనుగులున్నాయి, ప్రాణాలకు తెగించిన చిత్రకారులున్నారు. ఒక్కో పర్వం తీరిగ్గా విప్పుకుంటూ ఇతిహాసంలా చెప్పాలని నాకూ ఉంది. కాని అంత లేదు. నిజంగా ఉన్నవి సెక్టర్ ఆరులో ఒక క్వార్టరు గోడ, ఒక తొట్టెడు నీళ్లు, వెల్ల వేసే కుంచె ఒకటి. సైన్యం అంటే మా గల్లీ పిల్లలం. రాజు సంగతి తర్వాత చెప్తాను. ఆయనకు సైకిలుండేది.

అవి డెబ్బైల నాటి రోజులు. ఉక్కు ప్లాంటు క్వార్టర్లన్నీ ఒకే అచ్చులో పోసినట్టుండేవి, అన్నిటికీ ఒకే పసుపు వెల్ల. దాని మీద ప్లాంటు నుంచి వచ్చే ఎర్రటి దుమ్ము ఎవరికీ పక్షపాతం లేకుండా సమానంగా పడేది. మాది వరసలో చివరి ఇల్లు కాబట్టి మాకు ఒక గోడ ఎక్కువ. గల్లీ వైపు తిరిగి ఉన్న పడమటి గోడ అది. చివరన ఒక చిన్న కిటికీ తప్ప దానికి తలుపులూ లేవు, అలంకారాలూ లేవు. మధ్యాహ్నం దాటితే ఎండ దాని మీదికి వచ్చి కూర్చునేది, మళ్లీ చీకటి పడితే గాని లేచేది కాదు.

ఆ గోడకు లోపలి వైపు మా తాతయ్య మంచం. రైల్వేలో గార్డుగా చేసి రిటైరై, నాయనమ్మ పోయాక శ్రీకాకుళం వైపు నుంచి మా దగ్గరికి వచ్చేశాడు. జీవితమంతా రైలు చివరి పెట్టెలో కూర్చున్నవాడు కనక ఏ విషయాన్నైనా వెనక నుంచి చూడటం ఆయనకు అలవాటు. మేమంతా లెక్కలు హిందీలో చేస్తామని, తిట్టుకోవడం కూడా హిందీలోనే తిట్టుకుంటామని ఆయనకు బెంగ. అందుకని సెలవుల్లో కథలు చెప్పేవాడు. తెలుగు రాని పిల్లలకు నేను పక్కన కూర్చుని హిందీలో చెప్పేదాన్ని. నా అనువాదంలో రాజులందరూ కొంచెం తెలివితక్కువగా వచ్చేవారని తాతయ్య ఫిర్యాదు.

ఇక పక్కింటి అక్క. ఆ ఏడే బడిలో ఆఖరిదైన పదకొండో తరగతి పరీక్షలు రాసింది. మేము హోలీకి రంగులు కొనుక్కుంటే తను ఏడాది పొడుగునా కొనుక్కునేది. భిలాయికి కొన్ని గంటల దూరంలో బొమ్మలు వేయడం నేర్పే కళాశాల ఒకటుందని, జూలైలో అక్కడ కూర్చోబెట్టి బొమ్మ వేయించి చూసి చేర్చుకుంటారని ఎవరో చెప్పారు. ఆ రోజు నుంచి అక్కకు జూలై తప్ప వేరే నెల లేదు. ఆ ఉత్సాహంలో ఏప్రిల్‌లో ఒకనాడు మా పడమటి గోడ మీద బొగ్గుతోనూ ఎర్రటి గేరు మట్టితోనూ పెద్ద పెద్ద చేపలు వేసింది. గోడ మాదే అయినా మా అమ్మ ఏమీ అనలేదు. చేపలు బాగున్నాయంది, కూరకైతే ఇంకా బాగుండేవంది.

చేపలు బతికింది కొద్ది రోజులే. వెల్ల పనులు చూసుకునే ప్లాంటు ఆఫీసు బాబు గోడలు తనిఖీ చేస్తూ మా గల్లీకి వచ్చాడు. ఇది ఎవరి పని అని అడిగితే పిల్లలందరి కళ్లూ ఒకేసారి పక్కింటి వైపు తిరిగాయి. సైన్యంలో క్రమశిక్షణ ఇంకా రాలేదు. సరిగ్గా అప్పుడే పక్కింటి మావయ్య, అంటే అక్క నాన్న, డ్యూటీ నుంచి వచ్చి సైకిలు దిగుతున్నాడు. ఆయన ఫోర్‌మన్. తన వర్క్‌షాపులో ఆయన గొంతు వింటే యంత్రాలు కూడా సర్దుకునేవని చెప్పుకునేవారు. ఆ మనిషిని గల్లీ మధ్య నిలబెట్టి, అందరూ వింటుండగా ఆ బాబు అన్నాడు, "ఫోర్‌మన్ సాబ్, యే క్వార్టర్ హై, మేలా నహీ." ఇది క్వార్టరు, తిరునాళ్ల కాదు అని.

ఎవరో ఒకరిద్దరు నవ్వారు. అక్కడితో అయిపోయింది. గోడకు మళ్లీ వెల్ల వేశారు, చేపలు మునిగిపోయాయి. వెల్ల వేసినవాళ్లు ఒక పాత కుంచె మా పెరట్లో మరిచిపోయి వెళ్లారు. ఆ సాయంత్రం మావయ్య అక్క రంగుల పెట్టె తీసి అటక మీద పడేసి, పెరట్లో నిలబడి మా ఇంట్లోకి కూడా వినపడేలా తీర్పు చెప్పాడు.

"ఇకమీద నేను డ్యూటీ నుంచి వచ్చీసరికి ఏ గోడ మీదా ఒక్క గీత కనపడకూడదు. రంగు ముట్టుకోడం లేదు, కాగితం ముట్టుకోడం లేదు. జూలై లేదు, ఏటీ లేదు."

జూలై లేకుండా చేయడం ప్లాంటు మేనేజరు వల్ల కూడా కాదని నేనన్నాను. మా అమ్మ నన్ను లోపలికి లాగింది.

అక్క ఏడవలేదు. ఏడ్చుంటే మేము ఓదార్చి, పుల్ల ఐసు ఇప్పించి, విషయం ముగించేవాళ్లం. అలా కాకుండా మర్నాటి నుంచి మా మెట్టు మీద కూర్చుని, చేతులు ఒళ్లో పెట్టుకుని వాటికేసి చూసుకునేది. చెయ్యి ఆగిపోతే మళ్లీ కదలడానికి ఎన్నాళ్లో పడుతుందని ఒకసారి అంది. వేసవంతా ఆడని చెయ్యితో జూలైలో వెళ్లి ఏం వేస్తుంది? వెళ్లనిస్తేగా అనేది రెండో ప్రశ్న. కాని అక్క లెక్కలో మొదటిదే మొదటిది. వెళ్లి తీరతానని ఆ చేతులకు ముందే మాటిచ్చినట్టుంది.

తాతయ్య ఇదంతా కిటికీలోంచి చూశాడు. మూడో నాడో నాలుగో నాడో మధ్యాహ్నం భోజనాలయ్యాక మమ్మల్ని పిలిచి, అక్కను కూడా పిలవమన్నాడు. అప్పుడు చెప్పడం మొదలుపెట్టిన కథ ఇది.

ఎక్కడో ఒక దేశం ఉంది. దానికి సూర్యులు ఇద్దరు. ఒకడు దిగుతుంటే ఇంకొకడు ఎక్కుతాడు కాబట్టి అక్కడ రాత్రి అనేది ముసలివాళ్లు చెప్పుకునే పుకారు. మేఘాలు తాగి బతికే రెక్కల ఏనుగులు అక్కడ పిచ్చుకల్లా ఇళ్ల చూర్లలో వాలతాయి. ఆ దేశపు రాజు ఒక చట్టం చేశాడు. రాజ్యంలో రాజుగారి బొమ్మ తప్ప ఇంకే బొమ్మా నిలవకూడదు. రాజభటులు ఇంటింటికీ వెళ్లి పటాలు తగలబెట్టారు, శిల్పాలు పగలగొట్టారు, చివరికి తివాచీల మీద లతలు కూడా విప్పించారు. అప్పుడు ఒక ముసలి చిత్రకారిణి రాజవీధిలో ఎర్రగా కాలుతున్న రాతిగోడ ముందుకు వచ్చి, ఏనుగు తోకవెంట్రుకల కుంచె నీళ్లలో ముంచి, పట్టపగలు అందరి ముందూ ఒక ఎగిరే చెట్టును గీసింది. భటుడు చూశాడు. అధికారిని పిలుచుకురావడానికి పరుగెత్తాడు. అధికారి వచ్చేసరికి గోడ ఆరిపోయింది. నేరం ఎక్కడుందని అధికారి అడిగాడు. భటుడు గోడ తడిమి చూశాడు. వేడిగా ఉంది, అంతే.

అలా పుట్టింది తడిమతం. దేశమంతా పాకింది. వాళ్ల వాదం ఏమిటంటే, బొమ్మ ఉండేది గోడ మీద కాదు, చూసినవాళ్లలో. గోడ కేవలం దారి. రాజు గోడల్ని కాపలా కాయగలడు గాని, చూసేసినవాడి కళ్లలోకి వెళ్లి వెల్ల వేయలేడు. నిలవకూడదని చట్టం కదా, మేము నిలపడం లేదు, ఇంకేం కావాలి అని వాళ్లు నిండు సభలో నిలబడి అడిగారట. ఉద్యమం కాబట్టి అందులో కొట్లాటలు కూడా ఉన్నాయి. కుంచె తగలగానే బొమ్మ పుడుతుందని ఒక శాఖ, కాదు ఆరడం మొదలయ్యాకే పుడుతుందని ఇంకో శాఖ. రెండు శాఖలవాళ్లూ ఒకరింట్లో ఒకరు మంచినీళ్లు ముట్టరు. ఈ గొడవ భరించలేక కొందరు విడిపోయి నది మీద బొమ్మలు గీసేవారు. వాళ్లను మాత్రం రెండు శాఖలూ కలిసి పిచ్చివాళ్లనేవి.

రాజు గోడకొక భటుణ్ణి కూర్చోబెట్టాడని, రోజుకో బొమ్మ చూసి చూసి ఆ భటులకు కలలు రావడం మొదలైందని, చివరికి రాజే స్వయంగా బయలుదేరాడని చెప్పి తాతయ్య ఆపేశాడు. మిగతాది తర్వాత అన్నాడు. మేమంతా రాజు ఏం చేశాడో చెప్పమని గోల చేస్తుంటే, అక్క ఒక్కతే రాజు గురించి అడగలేదు.

"తాతా, గోడ ఎంతసేపటికి ఆరుద్ది?"

"మే నెల ఎండ. ఎంతసేపమ్మా, చూస్తుండగానే ఆరిపోద్ది," అన్నాడు తాతయ్య. తర్వాత కళ్లు మూసుకుని, ఎవరితోనూ కాదన్నట్టుగా, "మీ నాన్న జనరల్ షిఫ్టు కదా, సాయంత్రం గాని రాడు. వచ్చీసరికి కనపడకూడదన్నాడు. కనపడదు," అన్నాడు.

మర్నాటి నుంచి తడిమతం భిలాయిలో అమల్లోకి వచ్చింది. మతాధికారి తాతయ్యే కాబట్టి నియమాలు కూడా ఆయనే చెప్పాడు. బొమ్మ పెద్దదిగా ఉండాలి, గోడ ఈ చివర నుంచి ఆ చివరకు. పైనుంచి మొదలుపెట్టాలి. ఎండ మండిపోయే వేళలోనే వేయాలి, చల్లటి గోడ మీద వేస్తే ధైర్యం కింద లెక్కకు రాదు. మంచినీళ్లు వాడకూడదు, ఒకసారి వాడిన నీళ్లే శ్రేష్ఠం. అందుకని మా అమ్మ జామచెట్టు కోసం పెరటి తొట్టిలో దాచుకునే బట్టలు జాడించిన నీళ్లు ఉద్యమానికి వెళ్లేవి. జామచెట్టు ఆ వేసవి ప్రజల తరఫున చాలా త్యాగం చేసింది.

వెల్లవాళ్లు మరిచిపోయిన ఆ కుంచె అక్క ఆయుధం. సన్నటి గీతలకు పుల్లకు చుట్టిన పాత పంచె ముక్క. పసుపు గోడ మీద నీళ్లు పడ్డ చోట ముదురు రంగు తేలేది. మేము బకెట్లు అందించేవాళ్లం. అక్క స్టూలెక్కి పైనుంచి దిగేది. రెక్కల ఏనుగు తల గీసి తోక దగ్గరికి వచ్చేసరికి తల ఆరిపోయేది. మొదటి రోజుల్లో అక్కకు కోపం వచ్చేది. తర్వాత చెయ్యి మారింది. ఆరేలోగా పూర్తి కావాలి కాబట్టి అక్కర్లేని గీతలు వేయడం మానేసింది. ఒక్క వంపులో ఏనుగు వీపు, ఒక్క దెబ్బలో రెక్క. కాగితం మీద రబ్బరు పెట్టుకుని కూర్చునే అక్క కాదు ఇది.

గల్లీలో ఈ విషయం తెలియని మనిషి మావయ్య ఒక్కడే. ఆడవాళ్లు వరండాల్లో నిలబడి చూసేవారు, మగవాళ్లు సెకండ్ షిఫ్టుకు వెళ్తూ సైకిలు ఆపి ఒక కాలు నేల మీద పెట్టి చూసేవారు. ఎవరూ ఆయనకు చెప్పలేదు. ఏప్రిల్‌లో నవ్వినవాళ్లు కూడా చెప్పలేదు. వెల్ల బాబు కూడా ఒకసారి వచ్చి, ఏనుగును చూసి నోరు తెరిచి, ఆ నోరు మూసేలోపు ఏనుగు పోవడంతో గోడ మీద వేలు రాసి చూసుకుని వెళ్లిపోయాడు. ఆయన వెనకాల మేమంతా శుభ్రమైన గోడకు సెల్యూట్ కొట్టాం.

నెలాఖరున అక్క రాజును వేయాలనుకుంది. స్వయంగా బయలుదేరిన రాజు. కాని రాజంటే ఎలా ఉంటాడో అక్కకు తెలియదు, మాకూ తెలియదు. మా అందరికీ తెలిసిన అధికారం ఒక్కటే. అందుకని గోడ మీద రాజు సైకిలెక్కి వచ్చాడు. తల మీద హెల్మెట్టు, హెల్మెట్టు మీద కిరీటం, మీసం, హ్యాండిలుకు టిఫిను క్యారేజీ, ప్యాంటు చైనులో పడకుండా కాలికి క్లిప్పు. గోడంత రాజు. పోలిక ఎంత బాగా కుదిరిందంటే, మాలో ఒక చిన్నవాడు భయపడి నమస్తే పెట్టాడు.

ఆ రోజే మావయ్య తలనొప్పిగా ఉందని సగం పూట సెలవు పెట్టి ముందే వచ్చేశాడు.

సైకిలు బెల్లు వినపడగానే సైన్యం చెల్లాచెదురు కావాల్సింది. కాలేదు. ఏం తోచిందో గాని, మేమంతా గోడ మీద పడి పలకలతో, విసనకర్రలతో, గౌనుల అంచులతో విసరడం మొదలుపెట్టాం. రాజును తొందరగా ఆరబెట్టేద్దామని. మావయ్య సైకిలు దిగాడు. గోడకేసి చూశాడు. హెల్మెట్టు, మీసం, టిఫిను క్యారేజీ. తన హ్యాండిలుకు వేలాడుతున్న టిఫిను క్యారేజీని కూడా ఒకసారి చూసుకున్నాడు. గల్లీలో ఎవరూ నవ్వలేదు. ఈసారి నవ్వితే బాగుండేదేమో.

"ఇదేటి?" అన్నాడు.

రాజుగారండి, అన్నాను నేను. ఎవరో ఒకరు చెప్పాలి కదా.

అక్క స్టూలు మీంచి దిగలేదు. మా వైపు తిరిగి, "విసరకండి. ఆయన్ని చూడనివ్వండి," అంది. అప్పటికే కిరీటం ఆరిపోతోంది. అక్క కుంచె ముంచి దాన్ని మళ్లీ గీసింది. హెల్మెట్టు ఆరుతుంటే హెల్మెట్టు. మీసం ఆరుతుంటే మీసం. గీస్తూనే, వెనక్కి చూడకుండా, మాట్లాడింది.

"నువ్వు వచ్చీసరికి ఉండకూడదన్నావు నాన్నా, ఉండదు. ఇన్నాళ్లూ ఒక్కరోజూ లేదు. ఇవాళ నువ్వే ముందొచ్చేశావు. రంగు ముట్టుకోలేదు, కాగితం ముట్టుకోలేదు. నీళ్లు కూడా ముట్టుకోవద్దంటే చెప్పు, రేపట్నుంచి గాలిలో వేస్తాను. వేయడం మాత్రం మానను. జూలైలో వెళ్తాను."

నేను మావయ్య మొహం చూడలేక కిటికీ వైపు చూశాను. లోపల తాతయ్య మంచం మీద గురక పెడుతున్నాడు. అంత క్రమంగా గురక పెట్టేవాళ్లు నిద్రలో ఉండరని నాకు అప్పటికే తెలుసు.

మావయ్య నిలబడ్డాడు. బొమ్మ పైనుంచి ఆరుతుంటే ఆయన కళ్లు కూడా కిందికి దిగుతూ వచ్చాయి. మీసం, చొక్కా, హ్యాండిలు. పాదాల దగ్గర ఆగాయి.

"క్లిప్పు ఆ కాలికి కాదు," అన్నాడు చివరికి. "కుడికాలికి పెట్టుకుంటాం. చైను అటే ఉంటాది."

అక్క స్టూలు దిగింది. ఎడమకాలి క్లిప్పు ఆరిపోయేదాకా ఆగింది. కుంచె పక్కన పెట్టి, పుల్లకు చుట్టిన గుడ్డ తీసుకుని, కుడికాలికి క్లిప్పు పెట్టింది. మావయ్య తన కుడికాలు ముందుకు జరిపి చూసుకుని, తల ఊపాడు. అది ఒప్పుకోవడమో, తలనొప్పో ఇప్పటికీ చెప్పలేను. సైకిలు నడిపించుకుంటూ ఇంట్లోకి వెళ్లిపోయాడు. మిగతా గోడంతా ఆరిపోయినా, బొమ్మలోని టిఫిను క్యారేజీ ఒక్కటే జామకొమ్మ నీడలో ఉన్నందుకు ఇంకాసేపు వేలాడింది.

మర్నాడు ఉదయం ఆయన డ్యూటీకి వెళ్లాక చూస్తే, గోడ కింద బకెట్టు నిండా నీళ్లున్నాయి. అది మా బకెట్టు కాదు. అది ఉద్యమానికా, మరిచిపోయి వదిలేసిందా అని ఎవరూ అడగలేదు. అడిగితే మరిచిపోయాననే చెప్పేవాడు. జూలై వచ్చింది. వస్తుందని నేను ముందే చెప్పాను. ప్రయాణం ముందు రోజు మావయ్య అటకెక్కి రంగుల పెట్టె దించి, మూత తీసి, అన్నీ ఎండిపోయాయే అన్నాడట దిగులుగా. అవి నీటిరంగు బిళ్లలని, కొన్న రోజు నుంచీ ఎండే ఉంటాయని అక్క చెప్పాల్సి వచ్చింది.

మొదటి ఏడాది అక్కకు సీటు రాలేదు. రెండో ఏడాది వచ్చింది. ఇతిహాసాల్లో రెండో ఏడాది ఉండదు గాని, మాకు ఉంది. మధ్యలో ఇంకో వేసవి గోడ మీద గడిచింది. ఆ వేసవి రోజూ ఇంటికి వస్తూ మావయ్య సైకిలు గల్లీలోకి తిరగ్గానే అక్కర్లేకపోయినా బెల్లు కొట్టేవాడు. ఆరేలోగా చూడాలనుకున్నవాడిలా తొక్కుతూ వచ్చేవాడు. నేను తాతయ్యను పట్టుకుని, ఇంతకీ ఆ దేశంలో రాజు గోడ దగ్గరికి వచ్చి ఏం చేశాడో చెప్పమని వేధించాను.

"అయిపోనాది గదే గుంటా," అన్నాడు. "చూసినావు గదా."

ఇన్నేళ్లలో నన్ను చాలామంది చాలా పనులు చేయొద్దన్నారు. ఎదురు తిరిగి అరవడం నాకు చేతకాదు, అరిస్తే నాకే నవ్వొస్తుంది. కాని ఎవరు వద్దన్నా, వాళ్లు వద్దనడం మరిచిపోయిందేమిటా అని మాత్రం వెతుకుతాను. ఏదో ఒకటి ఉంటుంది. దాంట్లో కుంచె ముంచి మొదలుపెడతాను. చేసింది నిలవలేదే అని బాధ కూడా పెట్టుకోను. ఆ గోడ మీద వేసినవాటిలో ఒక్క బొమ్మకైనా ఈ రోజున ఆనవాలు లేదు. అన్నీ నా దగ్గరే ఉన్నాయి, క్లిప్పుతో సహా.

ఇంతటితో ఆపేస్తే అందంగా ఉండేది. కాని పెద్దయ్యాక ఒక మే నెలలో తాతయ్య మంచం మీద మధ్యాహ్నం పడుకోవాల్సి వచ్చింది. కాసేపటికి లేచి కూర్చుని, ఆ గోడ మీద చెయ్యి పెట్టి చూశాను. పెనంలా ఉంది. ఆ రోజుల్లో మాకు కూలరు లేదు. బొమ్మ పెద్దదిగా ఉండాలి, పైనుంచి మొదలుపెట్టాలి, ఎండ మండే వేళే వేయాలి అన్న తడిమతపు నియమాలన్నీ ఒక్కొక్కటీ గుర్తొచ్చాయి. మా అమ్మను అడిగాను. పిల్లలు గోడ తడుపుతున్నంత కాలం మీ తాతయ్యకు మధ్యాహ్నం మంచి నిద్ర పట్టేదంది.

పడమటి గోడను ఎండాకాలంలో మధ్యాహ్నం పైనుంచి కిందికి బాగా తడిపితే లోపలి గది చల్లబడుతుంది. వెల్ల మాత్రం తొందరగా ఊడిపోతుంది.